స్వరప్రతి దొరికితే సరిపోదు

అందరికీ నమస్కారం.

మరుగునపడ్డ పాత యూరోపియన్ సంగీతాన్ని మళ్లీ వినిపించాలంటే స్వరప్రతి దొరికితే చాలు కదా అని చాలామంది అడుగుతుంటారు. చాలదు. ఎందుకు చాలదో ఒక్క వాద్యం ఆధారంగా చెబుతాను.

ఆ వాద్యం వయోలా ద గాంబా, కమానుతో వాయించే పాత యూరోపియన్ తంత్రీవాద్యం; క్లుప్తంగా గాంబా. దాన్ని మోకాళ్ల మధ్య నిలబెట్టి వాయిస్తారు. దాని మెడకు పేగు తంతి చుట్టి, ముడివేసి మెట్లు కడతారు. అందుకే మెట్లను కాస్త అటూ ఇటూ జరిపి శ్రుతి సరిచేసుకోవచ్చు. కమానును అరచేయి పైకి ఉండేలా కింది నుంచి పట్టుకుని, వేలితో నేరుగా వెంట్రుకలనే నొక్కుతారు. స్వరం పలుకుతుండగానే ఆ వేలు బిగువు పెంచుతుంది, తగ్గిస్తుంది. స్వరం సన్నగా మొదలై, నిండుగా ఉబ్బి, మళ్లీ సన్నబడుతుంది.

పద్నాలుగో లూయీ ఆస్థాన విద్వాంసుడు మరాన్ మరే ఈ వాద్యం కోసం 1686 నుంచి 1725 వరకు ఐదు సంపుటాలు అచ్చువేయించాడు. ఏ వేలు వాడాలి, కమాను ఎటు లాగాలి, ఎక్కడ ఏ గమకం పలకాలి, అన్నిటికీ గుర్తులు పెట్టాడు. స్వరాన్ని ఉబ్బించాల్సిన చోటుకి కూడా తర్వాత ఒక గుర్తు చేర్చాడు. అంత జాగ్రత్తపడ్డ మనిషి సంగీతం కూడా మూగబోయింది! పెద్ద సభామందిరాలకు గట్టిగా పలికే వాద్యాలు కావాల్సి వచ్చాయి. 1787లో లండన్‌లో పేరున్న గాంబా విద్వాంసుడు కార్ల్ ఫ్రీడ్రిక్ ఆబెల్ చనిపోయాక గాంబా విద్వాంసులు దాదాపు కనుమరుగయ్యారు. మరాన్ మరే పెట్టిన గుర్తులు చదివి పలికించే చేయి లేకుండా పోయింది.

తర్వాత ఈ పాత సంగీతాన్ని మళ్లీ బతికించే ఉద్యమం మొదలైంది. ఇంగ్లండులో ఆర్నాల్డ్ డాల్మెచ్ పాత వాద్యాలను బాగుచేశాడు, కొత్తవి తయారుచేశాడు, పాత శాస్త్రగ్రంథాలను వెతికి 1915లో పుస్తకం రాశాడు. 1933లో స్విట్జర్లాండ్‌లోని బాసెల్‌లో ఈ చదువు కోసమే స్కోలా కాంటోరుమ్ అనే సంగీత పాఠశాల వెలిసింది. ఆ గ్రంథాలు ఎంత సూక్ష్మంగా ఉంటాయో చూడండి: 1752లో జర్మన్ వేణువు విద్వాంసుడు క్వాంట్స్ తన వేణువు పుస్తకంలో లయకు మనిషి నాడినే కొలతగా తీసుకున్నాడు, నిమిషానికి దాదాపు 80 సార్లు కొట్టుకునే నాడి.

ఇంత చేసినా మరాన్ మరే విన్నదే మనం వింటున్నామని నేను అనను. ఈ పాత సంగీతానికి ఈ రోజు సాధారణంగా వాడే 415 హెర్ట్జ్ శ్రుతి మన సౌలభ్యం కోసం కుదుర్చుకున్నది. అప్పట్లో ఊరికో శ్రుతి ఉండేది. ఈ ఉద్యమంలో వినిపించేది పాతకాలం కాదు, ఇరవయ్యో శతాబ్దపు అభిరుచే అని సంగీత చరిత్రకారుడు రిచర్డ్ టరుస్కిన్ గట్టిగా వాదించాడు. ఆ వాదనలో చాలా నిజముంది. అయినా నేను గాంబానే కోరుకుంటాను. మరాన్ మరే రచనను మెట్లు లేని చెల్లో అనే వాద్యం మీద వాయిస్తే, ఒకేసారి పలికే స్వరసమూహాలు బరువెక్కిపోతాయి, ఆ ఉబ్బు సహజంగా రాదు.

1725 సంపుటంలో మూత్రాశయపు రాయి తీసే శస్త్రచికిత్స మీద ఒక రచన ఉంది. మత్తుమందు లేని రోజులవి. రోగి బల్లను చూసి వణకడం, దాని మీదికి ఎక్కడం, కత్తిగాటు, ఇలా ఘట్టాలన్నీ స్వరాల పక్కనే మాటల్లో రాసి ఉంటాయి. కొందరు ఆ మాటలను పైకి చదివిస్తారు, కొందరు వాద్యానికే వదిలేస్తారు. నేను చదివించాలనే పక్షం. వణుకు అనే మాట చెవిన పడ్డాక ఆ కమాను కదలికను మీరు వినే తీరే మారిపోతుంది. ఇప్పుడు అలాగే, మాటలతో సహా వినిపిస్తాం.