గొంతు ఒకరిది, ముఖం ఒకరిది

శ్రోతలకు నమస్కారం.

మన విశాఖలో ఏ పెళ్లి భోజనాలకు వెళ్లినా మైకులో ఘటోత్కచుడి పాట మోగుతుంది. ఆ గొంతు మాధవపెద్ది సత్యం గారిది. పాట వినగానే మనకు కనిపించే ముఖం మాత్రం ఎస్.వి. రంగారావు గారిది. గొంతు ఒకరిది, ముఖం ఒకరిది కావడం తెలుగు సినిమాలో మొదటినుంచీ ఉన్నది కాదు.

1932లో 'భక్త ప్రహ్లాద'తో మన సినిమాకు మాటలొచ్చాయి. నటులంతా నాటకాల నుంచి వచ్చినవాళ్లే. కెమెరా ముందు నిలబడి ఎవరి పాట వారే పాడుకోవాలి, గాత్రం ఉంటేనే వేషం. పాడి మెప్పించి, నటించి ఏడిపించిన చిత్తూరు నాగయ్య గారి వైభవం ఆ రోజుల్లోదే. తర్వాత నేపథ్యగానం స్థిరపడింది. పాడి పేరు తెచ్చుకోని మనిషి కూడా చూపుతో, మాట విరుపుతో జనాన్ని కట్టిపడేసే కాలం వచ్చింది. రంగారావు గారికి అదే కలిసొచ్చిందని నా ఉద్దేశం.

1918లో నూజివీడులో పుట్టారాయన. కాకినాడలో యంగ్ మెన్స్ హ్యాపీ క్లబ్బు తరఫున నాటకాలాడారు. షేక్స్‌పియర్ నాటకంలోని కర్కశ వడ్డీ వ్యాపారి షైలాక్ వేషం కూడా కట్టారు. అగ్నిమాపక శాఖలో ఉద్యోగం, బందరులోనూ, మన పక్కనే ఉన్న విజయనగరంలోనూ. ఆ కొలువులోనే స్థిరపడిపోయి ఉంటే మనకు కీచకుడు ఎవరయ్యేవారో!

ఆ తర్వాత 'వరూధిని' సినిమాలో ప్రవరుడు వేశారు. సినిమా ఆడలేదు. అప్పట్లో మన సినిమా అంటే మద్రాసులోని కొద్దిపాటి స్టూడియోలు, వేళ్ల మీద లెక్కపెట్టే కంపెనీలు. మొదటి సినిమా పోతే మళ్లీ పిలిచేవారే ఉండరు. ఆయన జంషెడ్‌పూర్ వెళ్లి టాటా కంపెనీలో చేరిపోయారు. అక్కడి తెలుగువాళ్ల కోసం నాటకాలు మాత్రం మానలేదు.

తిరిగొచ్చాక 'మన దేశం'లో చిన్న వేషం, 'షావుకారు'లో రౌడీ రంగడు. 1951లో 'పాతాళ భైరవి' మాంత్రికుడు. అప్పటికి ఆయన వయసు ముప్పై రెండేళ్లే! 'డింభకా' అని పిలిచేటప్పుడు చూడండి. ఆ పిలుపులో గద్దింపు లేదు, బుజ్జగింపు ఉంది. కళ్లు మాత్రం లెక్కలు వేస్తుంటాయి. ఆ ఓరచూపులో షైలాక్ ఛాయ ఉందేమోనని నాకొక అనుమానం. ఆ దెబ్బతో కథానాయకుడికి దీటుగా ప్రతినాయకుడికీ జనం టిక్కెట్టు కొనడం మొదలైంది.

1963 నాటి 'నర్తనశాల' కీచకుడికి మరుసటేడు జకార్తాలో జరిగిన ఆఫ్రో-ఆసియా చిత్రోత్సవంలో ఉత్తమ నటుడి బహుమతి వచ్చింది. తెలుగు ముక్క రానివారి ముందు నెగ్గిన నటన అది.

'చదరంగం', 'బాంధవ్యాలు' చిత్రాలకు దర్శకత్వం కూడా వహించారు. 1974లో, యాభై ఆరేళ్లకే వెళ్లిపోయారు.

ఈసారి టీవీలో 'మాయాబజార్' వస్తే, ఘటోత్కచుడు శశిరేఖ రూపం ఎత్తాక సావిత్రి గారిని గమనించండి. ఆ నడక, ఆ ఠీవి, ఉలిక్కిపడి సర్దుకునే తీరు, అన్నీ రంగారావు గారివే. అంతటి నటి కూడా ఆయన్ని చదివి, నేర్చుకుని చేసిన వేషం అది.

నమస్కారం.