ఎరుపు కనబడిన రోజు

పెద్దలందరికీ నమస్కారం. ఆశా అక్కచెల్లెళ్లు ఇంత ఎండలో వచ్చారు, నేరుగా విషయానికి వస్తాను.

మొదటి మూడు నెలల్లో నలుగురు గర్భిణుల్లో దాదాపు ఒకరికి ఎరుపు, అంటే రక్తస్రావం, కనబడుతుంది. వాళ్లలో సగం మందికి పైగా కడుపు నిలుస్తుంది. నిలవని వాటిలో దాదాపు సగం పిండంలోని క్రోమోజోముల తేడా వల్లే పోతాయి. ఇంకా కొన్ని సంగతులు చెబుదామని రాసుకొచ్చాను. కానీ మిమ్మల్ని చూస్తుంటే ఒక అమ్మాయి గుర్తొస్తోంది. ముందు ఆమె సంగతి చెప్పనివ్వండి.

నెల తప్పి ఏడో వారం. చిన్న మరక కనబడింది. "బొప్పాయి తిన్నావా? బిందె ఎత్తావా?" అని అత్తగారు నిలదీశారు. ఊళ్లో ఒకాయన కడుపు నిలిచే ఇంజెక్షన్ అని ఏదో పొడిచాడు. మూడు రోజులు కాళ్ల కింద దిండ్లు పెట్టి పడుకోబెట్టారు. పొత్తికడుపులో ఒక పక్క నొప్పి, తర్వాత భుజం నొప్పి, లేస్తే కళ్లు తిరగడం. నా దగ్గరికి వచ్చేసరికి అరచేయి సున్నం కొట్టినట్టుంది. మరకైన గుడ్డ మడతపెట్టి కవర్లో తెచ్చింది. "ఇంతే పోయింది మేడం" అంది. ఆ గుడ్డ మీద మరక రూపాయి బిళ్లంత. పొట్ట లోపల మాత్రం లీటరు పైన రక్తం. గర్భం గర్భసంచిలో కాకుండా పక్కనుండే ట్యూబులో పెరిగి, ట్యూబు పగిలింది. ఆపరేషన్ చేశాం, బతికింది. స్పృహ రాగానే మొదటి మాట, "నేను బొప్పాయి తినలేదు మేడం."

అమ్మా, ఆ మాట నన్ను ఇప్పటికీ వదల్లేదు. మీలో ఎంతమంది ఇళ్లలో ఈ బొప్పాయి మాట వినలేదు? చేతులెత్తండి. చూశారా, ఒక్క చెయ్యీ లేవలేదు.

మంచం మీద పడుకోబెట్టినంత మాత్రాన పోయే కడుపు ఆగదు. ఎరుపు కొంచెమే కదా అని ఊరుకోకండి, స్కాన్ చేయించండి. గర్భం ఎక్కడుందో, గుండె కొట్టుకుంటోందో అందులోనే తెలుస్తుంది. ట్యూబులో ఉన్నట్టు పగలకముందే తెలిస్తే కొందరికి మందుతోనే సరిపోతుంది. ఒక పక్క నొప్పి, భుజం నొప్పి, కళ్లు తిరగడం, గంటకు రెండు ప్యాడ్లు తడవడం, వీటిలో ఏది ఉన్నా స్కాన్ కోసం కూడా ఆగొద్దు, వెంటనే 108కి ఫోన్ చేయండి. కార్డులో బ్లడ్ గ్రూపు నెగెటివ్ అని ఉంటే డాక్టరుకు ముందే చెప్పండి. తర్వాతి కాన్పుల్లో బిడ్డకు ముప్పు రాకుండా ఇచ్చే యాంటీ-డి ఇంజెక్షన్ అవసరమైతే, ఎరుపు కనబడిన 72 గంటల్లోపు పడాలి.

ఇంకొక్క మాట. ఎరుపు కనబడిన అమ్మాయి ఇంటికి వెళ్లినప్పుడు అత్తగారిని కూడా కూర్చోబెట్టి, ఆమె ముందే కోడలితో చెప్పండి: "ఇందులో నీ తప్పేం లేదమ్మా."