ఊహాలోకంలో ఓ పర్వతశ్రేణిని నిలబెట్టడం ఎలా?

[తెరపై: తెల్ల కాగితం. పెన్సిల్ ఒక అంచు నుంచి ఇంకో అంచు దాకా వరసగా త్రిభుజాలు గీసుకుంటూ పోతుంది.]

ఫాంటసీ కథ రాసేవాళ్లయినా, గేమ్ తయారుచేసేవాళ్లయినా ముందుగా ఓ మ్యాప్ గీసుకుంటారు. అందులో కొండలు చాలాసార్లు రెండు రాజ్యాల మధ్య గోడగానే మిగిలిపోతాయి. ఇటు మంచివాళ్లు, అటు చెడ్డవాళ్లు, మధ్యలో కొండలు. అక్కడితో వాటి పని అయిపోతుంది. నాకిది చాలా అన్యాయంగా అనిపిస్తుంది. మ్యాప్ మీద ఉన్నవాటన్నిటిలో ఎక్కువ కథ పుట్టించగలిగేది పర్వతశ్రేణే. వాన ఎక్కడ పడాలి, ఎవరి పొలాలు ఎండాలి, యుద్ధం ఏ కాలంలో మొదలవ్వాలి అన్నవన్నీ అదే తేల్చేస్తుంది.

ముందు పుట్టుక సంగతి చూసేద్దాం. హిమాలయాలు భారత ఫలకం, అంటే మన దేశాన్ని మోస్తున్న భూమి పైపొర ముక్క, వెళ్లి ఆసియాను ఢీకొనడం వల్ల లేచాయి. సుమారు 5 కోట్ల ఏళ్ల కిందట మొదలైన ఆ తోపులాట ఇంకా ఆగలేదు. ఎవరెస్ట్ కొన మీది సున్నపురాయిలో సముద్రజీవుల శిలాజాలున్నాయి. దక్షిణ అమెరికాలోని ఆండీస్ పర్వతాలది వేరే దారి. అక్కడ సముద్రపు అడుగుభాగం ఖండం కిందికి దూరుతుంటే, తీరం వెంబడే దాదాపు 7,000 కిలోమీటర్ల పొడవున కొండలు లేచాయి, వాటిలో అగ్నిపర్వతాలూ ఉన్నాయి. కాబట్టి శిఖరాలను అక్కడొకటి ఇక్కడొకటి చల్లకుండా ఒక వరసలో గీయండి.

మీ లోకంలో కొండల్ని ఓ దేవుడు ఎత్తి పెట్టాడంటారా? పెట్టనివ్వండి. కొండ ఎలా పుట్టిందన్నది పూర్తిగా మీ ఇష్టం. పుట్టాక అది చేసే పనిని మాత్రం మార్చకండి. మంత్రంతో లేచిన కొండకైనా గాలి ఎదురైతే పైకి ఎక్కాల్సిందే.

[తెరపై: ఎడమవైపు సముద్రం, మధ్యలో కొండ అడ్డుకోత, కుడివైపు మైదానం. నీలిరంగు బాణాలు సముద్రం మీంచి బయల్దేరతాయి.]

అందుకే పెన్సిల్ పట్టుకునే ముందు అడగాల్సిన ప్రశ్న ఒకటుంది. మీ లోకంలో గాలి ఎటు నుంచి ఎటు వీస్తుంది?

లెక్క వేసి చూద్దాం. సముద్రం మీంచి 25 డిగ్రీల వేడితో, తేమతో గాలి వచ్చింది. ఎదురుగా 3,000 మీటర్ల కొండ. మబ్బు పట్టేదాకా గాలి ప్రతి 1,000 మీటర్లకి దాదాపు 10 డిగ్రీలు చల్లబడుతుంది. మొదటి 1,000 మీటర్లు ఎక్కేసరికి మబ్బు కమ్మిందనుకోండి, అప్పటికి 15 డిగ్రీలు. అక్కడి నుంచి తేమ నీరుగా మారుతూ కొంత వేడిని వదులుతుంది కాబట్టి గాలి నెమ్మదిగా, 1,000 మీటర్లకి సుమారు 6 డిగ్రీల చొప్పున చల్లబడుతుంది. దారంతా వాన కురుస్తుంది. కొండకొన చేరేసరికి 3 డిగ్రీలు. ఇప్పుడు అవతలికి దిగాలి. మబ్బు ఇవతలే కురిసి ఖాళీ అయింది. పొడిగాలి 1,000 మీటర్లకి 10 డిగ్రీల చొప్పున వేడెక్కుతూ దిగి, కింద మైదానం చేరేసరికి 33 డిగ్రీలు!

[తెరపై: 25, 15, 3, 33 అంకెలు ఒక్కొక్కటిగా వెలుగుతాయి.]

బయల్దేరిన గాలే, కానీ 8 డిగ్రీలు ఎక్కువ వేడితో, చుక్క వాన లేకుండా అవతలి రాజ్యంలోకి దిగింది. దీన్నే వర్షచ్ఛాయా ప్రాంతం అంటారు. దక్షిణ అమెరికా కొసన ఇది కళ్లకు కడుతుంది. పడమటి గాలులు వీచే చోట, చిలీ వైపు దట్టమైన తడి అడవులు. ఆండీస్ దాటి అర్జెంటీనా వైపు దిగితే గాలి హోరెత్తే ఎండు గడ్డిభూములు.

మీ కథలోకి దీన్ని తెచ్చి చూడండి. అవతలివాళ్లకి శిఖరాల మీద మబ్బులు కనిపిస్తూనే ఉంటాయి, ఇటు మాత్రం ఒక్కటీ దిగిరాదు. తరతరాలుగా అలా చూస్తూ బతికినవాళ్లు ఎలాంటి దేవుణ్ణి కొలుస్తారు? ఆ మబ్బుల్ని ఎవరు ఆపుతున్నారనుకుంటారు? విలన్ కోసం మీరు వేరే వెతుక్కోనక్కర్లేదు. పైగా వాళ్లకి వచ్చే నీళ్లు కొండమీది మంచు కరిగితేనే రావాలి, అంటే ఎండలు ముదిరినప్పుడే వాళ్ల నదులు పొంగాలి. ఎగువ లోయ ఎవరి చేతిలో ఉంటే దిగువ పంట వాళ్ల చేతిలో ఉన్నట్టే.

నదుల మాట వచ్చింది కాబట్టి నాకు బాగా నచ్చిన ఓ నిజం చెప్తాను. మంగో పార్క్ అనే యాత్రికుడు తెచ్చిన వివరాలతో జేమ్స్ రెన్నెల్ 1798లో పశ్చిమ ఆఫ్రికా మ్యాప్ గీశాడు. నైజర్ నది తూర్పుగా పారి ఖండం లోపలే అంతమవుతుందని ఆయన నమ్మకం. మరి దక్షిణాన సముద్రానికి ఎందుకు పోదు? అడ్డంగా కొండలుండాలి కదా! అలా కాంగ్ పర్వతాలు పుట్టాయి. మ్యాపులు గీసేవాళ్లు ఒకర్ని చూసి ఒకరు దించుకుంటూ పోయారు. 1887–89లో లూయీ గుస్తావ్ బింజే అనే ఫ్రెంచ్ యాత్రికుడు వెళ్లి చూస్తే అక్కడ అలాంటి శ్రేణే లేదు. నైజర్ కూడా చివరికి దక్షిణానికి తిరిగి గినీ సింధుశాఖలోనే కలుస్తుంది. కొండలు అబద్ధమే, కానీ రెన్నెల్ వేసిన ప్రశ్న సరైనది. కొండ గీస్తే నదికి లెక్క చెప్పాలి. నది శిఖరాల మీంచి దాటకూడదు. కొండలకంటే పాతదైతే మాత్రం, అవి లేచేకొద్దీ కోసుకుంటూ గండి కొట్టుకుని పోవచ్చు. సింధు, బ్రహ్మపుత్ర హిమాలయాల్ని అలాగే దాటాయి. శ్రేణి మొత్తానికి అలాంటి గండి ఒక్కటే పెట్టండి, కోట ఎక్కడ కట్టాలో మీకే తెలిసిపోతుంది.

కనుమలూ, అంటే కొండలు దాటే దారులూ అంతే, తక్కువుంటేనే విలువ. దారులు తక్కువైతే ఒక్కో లోయ విడిగా మిగిలిపోతుంది. నల్లసముద్రానికీ కాస్పియన్ సముద్రానికీ మధ్యనున్న కాకసస్ కొండల్లో డజన్లకొద్దీ భాషలు బతుకుతున్నాయి, కాబట్టి మీ కొండజాతులన్నీ ఒకే మాట మాట్లాడనక్కర్లేదు.

[తెరపై: కొండ పక్కన నిలువు కొలబద్ద. 2,500, 5,500 దగ్గర గీతలు.]

ఇక ఎత్తు. చాలామంది అసలు పట్టించుకోనిది ఇదే. సుమారు 2,500 మీటర్లు దాటితే అలవాటు లేనివాళ్లకి తలనొప్పి, వాంతులు మొదలవ్వచ్చు. 5,500 మీటర్ల దగ్గర గాలి పీడనం సముద్రమట్టంలో ఉన్నదాంట్లో సగమే. మైదానం నుంచి వచ్చిన సైన్యాన్ని రెండు రోజుల్లో 4,500 మీటర్ల కనుమకి ఎక్కిస్తే, కత్తి దూయకముందే సగంమంది కూలబడతారు. అక్కడే పుట్టి పెరిగిన గొర్రెలకాపరి పరుగెత్తగలడు. మీ సేనాపతికి ఈ సంగతి తెలుసా లేదా అన్నదాని మీద యుద్ధం మొత్తం తిరగబడొచ్చు. అందుకని మ్యాప్ మీద ప్రతి కనుమ పక్కనా దాని ఎత్తు, అది మంచుతో మూసుకుపోయే నెలలు రాసిపెట్టుకోండి. మొదటి అధ్యాయం ఆ తర్వాతే మొదలుపెట్టండి.