పుట్టిల్లు వదిలిన జైనబ్

శ్రోతలకు నమస్కారం.

1913లో ఈజిప్టులో ఒక నవల వచ్చింది. పేరు 'జైనబ్'. అట్ట మీద రచయిత పేరు లేదు, 'ఒక ఈజిప్టు రైతు' అని మాత్రం ఉంది. రాసింది రైతేమీ కాదు, మహమ్మద్ హుస్సేన్ హైకల్ అనే లాయరు. నవలలు రాస్తాడని తెలిస్తే ప్లీడరీ దెబ్బతింటుందని ఆయన భయం. 1930లో మహమ్మద్ కరీం ఆ కథని మూకీ సినిమాగా తీశాడు. అందులో హీరోయిన్ మాత్రం తన పేరు దాచుకోలేదు.

ఆమె బహీగా హాఫిజ్. 1908లో అలెగ్జాండ్రియాలో, బాగా కలిగిన ఇంట్లో పుట్టింది. పియానో నేర్చుకుంది, సొంతంగా బాణీలు కట్టేది. ఆడపిల్ల ఇంట్లో పియానో వాయిస్తే అందరికీ ముచ్చటే. తెర మీద కనిపిస్తేనే వచ్చింది గొడవంతా. ఇంట్లోవాళ్లు ఆమెతో సంబంధం తెంచేసుకున్నారు. మన కూతురు పోయిందనుకుని పరామర్శలు కూడా అందుకున్నారని చెప్పుకుంటారు.

సినిమాలో ఆమె పల్లెటూరి పిల్ల. ఒకరిని ప్రేమిస్తుంది, పెద్దవాళ్లు ఇంకొకరికి కట్టబెడతారు, చివరికి క్షయతో చనిపోతుంది. ఆ సినిమాకి సంగీతం కూడా ఆమెదే. మూకీకి సంగీతం ఏమిటి అంటారా? బొమ్మకి మాట లేకపోయినా ఆ రోజుల్లో హాల్లో సంగీతం వినిపించేవాళ్లు లెండి.

తర్వాత ఫనార్ ఫిల్మ్ అని సొంత కంపెనీ పెట్టింది. అప్పటికి ఆమెకి పాతికేళ్లు కూడా లేవు. 1932లో ఆ కంపెనీ నుంచి 'అల్ దహాయా' వచ్చింది, అంటే బలైపోయినవాళ్లు అని అర్థం.

అసలు దెబ్బ 1937లో తీసిన 'లైలా బింత్ అల్ సహ్రా'తో తగిలింది. ఎడారి బిడ్డ లైలా అన్నమాట. నిర్మాత, దర్శకురాలు, హీరోయిన్ అన్నీ తనే. కథలో పర్షియా రాజు, అంటే ఇప్పటి ఇరాన్ రాజు, ఒక అరబ్బు పిల్లని ఎత్తుకుపోతాడు. ఇక్కడేమో ఈజిప్టు రాజు ఫారూక్ చెల్లెలు ఫౌజియాకి ఇరాన్ యువరాజుతో సంబంధం కుదిరింది. 1939లో పెళ్లి. కాబోయే వియ్యాలవారి దేశాన్ని ఏలిన పాతకాలపు రాజుని విలన్‌గా చూపిస్తే ఊరుకుంటారా? సినిమా మీద నిషేధం పడింది. ఎప్పటి రాజు, ఎక్కడి పెళ్లి, డబ్బు పెట్టినావిడకి మాత్రం చేతులు కాలాయి. 1944లో పేరు మార్చి, 'లైలా అల్ బదవియ్యా' అని మళ్లీ విడుదల చేశారు. ఏడేళ్లు ఆగిన సినిమాకి ఆ వేడి ఎక్కడుంటుంది చెప్పండి!

ఆ తర్వాత తెర మీద ఆమె తక్కువగానే కనిపించింది. 1966లో సలాహ్ అబూ సైఫ్ తీసిన 'కైరో 30'లో ఒక చిన్న వేషం వేసింది. కథాకాలం 1930ల కైరో. సరిగ్గా ఆమె పుట్టింటివాళ్లు ఆమెని వద్దనుకున్న కాలం. అందులో ఆమె వేసింది గొప్పింటావిడ వేషమే. 1983లో ఆమె కన్నుమూసింది.