పేషెంట్ లేటుగా వస్తే జి కాదు: ముంజేయి ఫ్రాక్చర్ ఫాలో-అప్ కోడింగ్

హాయ్ అందరికీ. నెల్లూరు, కావలి, ఒంగోలు, ఎక్కడి నుంచి చూస్తా ఉన్నా సరే, మన కోడింగ్ పిల్లకాయలందరికీ నమస్తే. ఐసీడీ-10-సీఎం అంటే ఏంది, ఏడో క్యారెక్టర్ ఎక్కడ పెట్టాలి, ఇవన్నీ మీకు తెలుసు, వాటి జోలికి పోను. కొత్తవాళ్ళకి ఒక్క ముక్క: అమెరికాలో జబ్బులకి, దెబ్బలకి వేసే కోడ్లివి, చివర్లో ఉండే ఏడో అక్షరం ట్రీట్‌మెంట్ ఏ దశలో ఉందో, ఎముక ఎట్టా మానతా ఉందో చెప్తుంది.

నేరుగా విషయానికొస్తా. ఆడిట్‌లో మళ్ళీ మళ్ళీ ఒకే తప్పు కనబడతా ఉంది, చూసినప్పుడల్లా ఒళ్ళు మండిపోతుంది. అమెరికాలో ఒకాయన కిందపడి ముంజేయి విరగ్గొట్టుకున్నాడు, ఇన్సూరెన్స్ లేదో ఇంకేందో, మూడు వారాలు ఇంట్లోనే బ్యాండేజీ చుట్టుకుని కూర్చున్నాడు, నొప్పి తగ్గట్లేదని ఇప్పుడు మొదటిసారి డాక్టర్ దగ్గరికి వచ్చాడు. చార్ట్ చూసి మనోళ్ళు ఏం చేస్తారు? "మూడు వారాలు డిలే సార్" అని జి (ఎముక మానడం ఆలస్యం) కొట్టేస్తారు. అట్ట కాదబ్బా! అక్కడ లేటయింది మనిషి. జి వేయాల్సింది ఎముక లేటయినప్పుడు. ఆయనకి ట్రీట్‌మెంట్ మొదలయ్యేదే ఈ రోజు, కాబట్టి "ఏ" అనే అక్షరం వేయాలి. ఇది నా సొంత అభిప్రాయం కాదు, ట్రీట్‌మెంట్‌కి ఆలస్యంగా వచ్చిన పేషెంట్‌కి ఇనీషియల్ క్యారెక్టరే వేయాలని గైడ్‌లైన్స్‌లో రాసుంది. మన వైపు కూడా ముందు పుత్తూరు కట్టుకి పోయి, తర్వాత ఆర్థో దగ్గరికి పోయేవాళ్ళు ఎంతమంది లేరు, ఈ పరిస్థితి మనకి కొత్తదేం కాదు కదా.

ఇప్పుడు ఒక ఉదాహరణ పట్టుకుందాం, దీన్నే వీడియో అంతా వాడతా. 2021 నవంబర్లో పెన్నా వరద గుర్తుందా, పడుగుపాడు దగ్గర హైవేనే కోసుకుపోయింది. అట్టా మీ ఊరి చెరువు కట్టకి గండి పడిందనుకోండి. జేసీబీలు, టిప్పర్లు వచ్చి ఇసుక బస్తాలు వేసి గండి పూడుస్తా ఉన్నంత కాలం అది యాక్టివ్ ట్రీట్‌మెంట్, అంటే ఏ. ఎమర్జెన్సీ రూమ్‌లో చూసినా ఏ, వారం తర్వాత వేరే ఆర్థో సర్జరీ చేసినా ఏనే, డాక్టర్ మారాడని డి అయిపోదు, మొదటి విజిట్‌కి మాత్రమే ఏ అనుకునేవాళ్ళు ఇది బాగా వినండి. పూడ్చేశాక ఇరిగేషన్ ఏఈ (ఇంజనీర్) గారు అప్పుడప్పుడూ వచ్చి చూసి "బాగా గట్టిపడతా ఉంది" అని రాసిపోతే డి, అంటే మామూలుగా మానతా ఉంది. కట్టు మార్చడం, కట్టు విప్పడం, మానిందా లేదా అని ఎక్స్‌రే తీయడం అన్నీ ఇందులోకే వస్తాయి. ఆయనే వచ్చి "మట్టి కరుచుకుంటా ఉంది గానీ అనుకున్నదానికంటే చాలా నిదానంగా ఉంది" అని రాస్తే జి. "రెండు పక్కలా కట్ట అట్నే నిలబడిపోయింది, మధ్యలో కలవలేదు" అంటే కె, అదే నాన్‌యూనియన్. "కలిసింది గానీ వంకరగా కలిసింది" అంటే పి, అదే మాల్‌యూనియన్.

ఊరోళ్ళు గండి పడిన సంగతి మూడు వారాల తర్వాత ఇరిగేషన్ ఆఫీసులో చెప్పారనుకోండి, అప్పుడు ఫైల్‌లో "మట్టి కరుచుకోవడం ఆలస్యం" అని రాస్తారా? అసలు పనే మొదలుకాలేదు కదా.

ఇంకో సంగతి. కట్ట ఎట్టుందో రాయాల్సింది ఏఈ. ఆఫీసులో ఫైల్ పెట్టుకుని కూర్చున్న గుమాస్తా కాదు. మనం గుమాస్తాలం. దెబ్బ తగిలి 14 వారాలైంది కాబట్టి డిలేడ్ అయ్యుంటుందిలే అని క్యాలెండర్ చూసి లెక్కేసే హక్కు మనకి లేదు. దెబ్బ తగిలి కనీసం 9 నెలలు దాటి, చివరి 3 నెలలుగా మానే సూచన లేకపోతే నాన్‌యూనియన్ అని అమెరికా మందుల నియంత్రణ సంస్థ ఎఫ్‌డీఏ నిర్వచనం ఒకటుంది, అది తెలుసుకోవడం మంచిదే, కానీ దాన్ని తీసుకొచ్చి చార్ట్‌కి తగిలించి కె వేయకూడదు, డాక్టర్ రాయాలి.

(స్క్రీన్ మీద చార్ట్)

ఇది ప్రాక్టీస్ కోసం నేను తయారు చేసిన చార్ట్, నిదానంగా చదవండి. 34 ఏళ్ల మనిషి, ఇంటి ముందు మంచు మీద జారిపడ్డాడు. ఎడమ రేడియస్ (ముంజేతిలో బొటనవేలు వైపు ఎముక) షాఫ్ట్ (మధ్య భాగం), ట్రాన్స్‌వర్స్ (అడ్డంగా విరిగింది), డిస్‌ప్లేస్డ్ (ముక్కలు పక్కకి జరిగాయి), క్లోజ్డ్ (విరిగిన చోటుదాకా గాయం లేదు) ఫ్రాక్చర్. ప్లేటు, స్క్రూలు వేసి 14 వారాలు. రేడియాలజీ రిపోర్ట్‌లో "కాలస్ పెద్దగా లేదు" అని ఉంది, కాలస్ అంటే విరిగిన చోట కొత్తగా పేరుకునే ఎముక. కింద ఆర్థో అసెస్‌మెంట్‌లో "డిలేడ్ యూనియన్, రోజూ సిగరెట్ తాగుతాడు, మానమని చెప్పాము, 6 వారాల తర్వాత మళ్ళీ ఎక్స్‌రే".

చాలామంది రేడియాలజీ లైన్ చూసే జి వేసేస్తారు. ఇక్కడ ఆన్సర్ ఎట్టాగూ జియే కాబట్టి తప్పు బయటపడదు, కానీ దారి తప్పు. ప్లేటు గట్టిగా పట్టుకుని ఉంటే ఎముక పెద్దగా కాలస్ లేకుండానే అతుక్కుంటుంది, అది మామూలే. ఆర్థో "హీలింగ్ వెల్" అని రాసిన చార్ట్‌లో కూడా ఇదే లైన్ ఉండొచ్చు, అప్పుడు డి. మనకి జి వచ్చింది అసెస్‌మెంట్‌లో ఆయన రాసిన డిలేడ్ యూనియన్ వల్ల. ఆయన ఏమీ రాయకపోతే క్వెరీ పెట్టండి, "హీలింగ్ స్టేటస్ తెలపగలరు" అని అడగండి, "డిలేడ్ కదా?" అని మనమే నోట్లో మాట పెట్టకూడదు.

కోడ్స్ చూద్దాం. ఎస్ 52.322 జి. సిగరెట్లకి ఎఫ్ 17.210. మంచు మీద జారినందుకు డబ్ల్యూ 00.0 ఎక్స్ ఎక్స్ డి. ఎస్ కోడ్‌కి జి వేశాం కదా అని డబ్ల్యూకి కూడా జి తగిలించే వాళ్ళున్నారు, ఆ కోడ్‌కి ఏ, డి, ఎస్ (పాత దెబ్బ మిగిల్చిన ఇబ్బంది) తప్ప వేరేవి లేవు. ఇంకోటి, ఆపరేషన్ చేసి ప్లేటు వేశారు కాబట్టి ఓపెన్ ఫ్రాక్చర్ అని హెచ్ (ఓపెన్ ఫ్రాక్చర్ మానడం ఆలస్యం) వేయొద్దు దయచేసి! సర్జన్ కోసింది వేరు, దెబ్బకి చర్మం చీలి విరిగిన చోటుదాకా గాయం పడింది వేరు. నిజంగా ఓపెన్ అయితే గస్టిలో టైప్ (గాయం ఎంత తీవ్రమో చెప్పే గ్రేడు) చూడండి, ఒకటి, రెండు అయితే హెచ్, 3ఏ, 3బి, 3సి అయితే జె. మధ్యలో ఐ అనే అక్షరమే లేదు, వెతకొద్దు. ఓపెనా క్లోజ్డా అని రాయకపోతే క్లోజ్డ్ కిందే పోవాలి, డిస్‌ప్లేస్డా కాదా రాయకపోతే డిస్‌ప్లేస్డ్.

రెండు ఎముకలూ విరిగితే? ఒకే కట్టకి రెండు చోట్ల గండి పడ్డట్టు, ఒకటి బాగా గట్టిపడి రెండోది కలవకపోవచ్చు. అదే విజిట్‌లో రేడియస్‌కి డి, అల్నాకి (చిటికెనవేలు వైపు ఎముక) కె, తప్పేం లేదు. రెండిటికీ ఒకే అక్షరం ఉండాలని రూల్ ఎక్కడా లేదు.

కలవని గండికి మళ్ళీ జేసీబీ వచ్చింది, అంటే నాన్‌యూనియన్‌కి సర్జరీ చేస్తున్నారు. యాక్టివ్ ట్రీట్‌మెంటే కదా, "ఏ" వేద్దామా అంటారు. వద్దు, పాత గండి ఫైలే అది, కె వేయాలి. నాన్‌యూనియన్, మాల్‌యూనియన్ ట్రీట్‌మెంట్‌కి సబ్‌సీక్వెంట్ (మొదటి ట్రీట్‌మెంట్ తర్వాతి) అక్షరాలే. ఇది నాకు బాగా నచ్చే రూల్, ఎందుకంటే ఏడో క్యారెక్టర్ ఒక్కటి చూస్తే ఆ ఎముక కథంతా తెలిసిపోతుంది.

టైమ్ అయిపోతా ఉంది, మిగతావి గబగబా చెప్తా. ఫాలో-అప్‌కి జెడ్‌తో మొదలయ్యే ఆఫ్టర్‌కేర్ (ట్రీట్‌మెంట్ తర్వాతి సంరక్షణ) కోడ్స్ వాడొద్దు, దెబ్బ తగిలిన ఫ్రాక్చర్‌కి ఎస్ కోడ్‌తోనే పోవాలి. ఆస్టియోపొరోసిస్ (ఎముకలు గుల్లబారడం) ఉందని తెలిసిన పెద్దావిడ, గట్టి ఎముక విరగనంత చిన్న దెబ్బకే కుడి ముంజేయి విరిగిందంటే ఎస్ 52 కాదు, ఎం 80.031, వయసు వల్ల వచ్చిన ఆస్టియోపొరోసిస్ అయితే. అక్కడ కూడా జి, కె, పి ఉన్నాయి, ఓపెన్ అక్షరాలు మాత్రం లేవు.

ఇక సీపీటీ, అంటే డాక్టర్ చేసిన పనికి బిల్లులో వేసే కోడ్ల సంగతి. రేడియస్ షాఫ్ట్‌కి ప్లేటు వేసిన 25515కి 90 రోజుల గ్లోబల్ పీరియడ్, అంటే ఆ లోపు మామూలు ఫాలో-అప్‌లు ఆపరేషన్ డబ్బుల్లోనే కలిసుంటాయి. మన చార్ట్‌లో 14 వారాలు అంటే 98 రోజులు, గ్లోబల్ దాటింది, విజిట్ మామూలుగా బిల్ చేయొచ్చు. అదే 10 వారాలకి వచ్చుంటే 99024, డబ్బులు రావు. నాన్‌యూనియన్ రిపేర్‌కి రేడియస్ గానీ అల్నా గానీ ఒకటే అయితే 25400, పేషెంట్ ఎముకే తీసి గ్రాఫ్ట్ పెడితే 25405, రెండూ అయితే 25415, గ్రాఫ్ట్‌తో 25420. ఎముక మానడానికి ఇచ్చే అల్ట్రాసౌండ్ స్టిమ్యులేషన్‌కి 20979, దీనికి మెడికేర్ (అమెరికా ప్రభుత్వ ఇన్సూరెన్స్) వాళ్ళు కనీసం 90 రోజుల తేడాతో తీసిన రెండు సెట్ల ఎక్స్‌రేలు అడుగుతారు, చార్ట్‌లో డేట్లు చూసుకోండి.

మీకొక చార్ట్ ఇస్తా, ఆన్సర్ కామెంట్‌లో పెట్టండి. కుడి చెయ్యి, రేడియస్, అల్నా రెండూ షాఫ్ట్‌లో విరిగాయి, ట్రాన్స్‌వర్స్, డిస్‌ప్లేస్డ్, క్లోజ్డ్. ప్లేట్లు వేసి 10 వారాలు. డాక్టర్ నోట్‌లో "రేడియస్ హీలింగ్ వెల్, అల్నా డిలేడ్ యూనియన్". మధ్యలో పేషెంట్ ఒక అపాయింట్‌మెంట్‌కి రాలేదు. మూడు కోడ్లు రావాలి, సీపీటీతో కలిపి.