గోడకూ ఒక వయసు ఉంటుంది

అందరికీ నమస్కారం. ప్రొడక్షన్ డిజైనర్, అంటే సినిమాలో ఇళ్లూ గదులూ ఎలా కనిపించాలో తేల్చే మనిషి, కావాలనుకునే వాళ్లు నన్ను ఎక్కువగా అడిగేది, "బొమ్మలు బాగా వేయడం వస్తే చాలా?" అని. వస్తే మంచిదే. కానీ మా పని పెన్సిల్ పట్టుకోకముందే మొదలవుతుంది. స్క్రిప్ట్ చేతికి రాగానే ఆ ఇంట్లో ఎవరుంటారు, ఎన్నేళ్లుగా ఉంటున్నారు, చేతిలో డబ్బు ఆడుతోందా లేదా అన్నవి రాసుకుంటాను. అవి తేలితే గోడ రంగు తేల్చుకోవడం కష్టం కాదు.

ఈ సంగతి నాకు ఆలస్యంగా తెలిసింది. మొదట్లో ఒక గది సెట్ ఎంతో శుభ్రంగా వేశాను. దర్శకుడు చూసి, "ఇక్కడ ఎవరూ బతకలేదు" అన్నారు. తెల్లవారితే షూటింగ్, ఒకటే టెన్షన్. అనుభవమున్న పెయింటర్ ఒకాయన రాత్రంతా నా పక్కన కూర్చుని పని చేయించారు. స్విచ్‌బోర్డు చుట్టూ చేతుల మురికి, క్యాలెండర్ తీసేసిన చోట వెలవని చతురస్రం, మంచం పక్కన తల ఆనించే చోట నూనె మరక. పొద్దున నటుడు వచ్చి, ఎవరూ చెప్పకుండానే సరిగ్గా ఆ మరక దగ్గర తల ఆనించాడు. ఆ రోజు నాకు కళ్లు చెమర్చాయి.

ప్రొడక్షన్ డిజైనర్ అన్న ఈ హోదాకు పేరు 1939 నాటి హాలీవుడ్ సినిమా 'గాన్ విత్ ద విండ్'తో స్థిరపడింది. సినిమా మొత్తం ఎలా కనిపించాలో విలియం కామెరాన్ మెంజీస్ ముందే బొమ్మలు గీసి పెట్టారు. ఆర్ట్ డైరెక్టర్ అన్న మాట ఆ పనికి చాలదని నిర్మాత సెల్జ్నిక్ ఆయన్ను ప్రొడక్షన్ డిజైనర్ అన్నారు.

సెట్‌లో నేను ముందు తేల్చుకునేది కిటికీ ఎక్కడన్నదే. వెలుగు అక్కణ్ణించే రావాలి కాబట్టి, కెమెరామన్‌తో మాట్లాడకుండా కిటికీ గీయకూడదు. 1956 నాటి సత్యజిత్ రాయ్ సినిమా 'అపరాజితో' కోసం ఆర్ట్ డైరెక్టర్ బన్సీ చంద్రగుప్త కాశీలోని ఇంటి లోగిలిని స్టూడియోలో కట్టారు. ఛాయాగ్రాహకుడు సుబ్రత మిత్ర పైన తెల్లగుడ్డ పరిచి, దాని మీద పడి తిరిగివచ్చే వెలుతురుతో ఆకాశపు కాంతిని తెచ్చారు. ఇద్దరిలో ఏ ఒక్కరి పనో లోపించినా అది స్టూడియో అని తెలిసిపోయేది.

టీవీ లెక్క వేరు. సినిమా సెట్‌ను పని కాగానే విప్పేస్తారు. సీరియల్ హాలు మాత్రం ఏళ్ల తరబడి నిలబడాలి, దాని తలుపు వేలసార్లు తెరుచుకోవాలి. కెమెరా వెనక్కి జరగడానికి గోడ ఊడి రావాలి, మళ్లీ అతుకు కనబడకుండా కూర్చోవాలి. వస్తువులన్నీ నిన్నటి చోటే ఉండాలి, అందుకే రోజూ ఫొటోలు తీసి పెట్టుకుంటాం.

ఇందులోకి వచ్చేవాళ్లు చాలావరకు ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌లో అసిస్టెంట్‌గానే మొదలుపెడతారు. టేపుతో లొకేషన్ కొలవడం, ప్లాన్ గీయడం, అట్టతో నమూనా చేయడం. ఆ ఏళ్లను దయచేసి తొందరగా దాటేయాలని చూడకండి. ఇప్పుడు బయటకు వెళ్లేటప్పుడు, ఈ హాలు స్విచ్‌బోర్డు చుట్టూ గోడ ఎలా ఉందో ఒక్క నిమిషం ఆగి చూడండి.