పర్లాకిమిడి ఎవరిది అన్న గొడవలో సవరల్ని ఎవరూ అడగలేదు

[తెరపై మ్యాప్: కింద శ్రీకాకుళం జిల్లా, పైన ఒడిశా గజపతి జిల్లా]

అందరికీ నమస్తే. పాతపట్నంలో ఆటో ఎక్కితే కాసేపటికే పర్లాకిమిడిలో దిగుతాం. బోర్డుల మీద అక్షరాలు మారిపోతాయి గానీ బజార్లో బేరాలు మాత్రం తెలుగులో కూడా నడుస్తూనే ఉంటాయి. మా వైపు ఏ తెలుగు పెద్దాయన్ని కదిపినా మన ఊరు ఒడిశాకి ఎలా పోయిందో చెప్తారు, ఒడియా పెద్దల్ని అడిగితే అదే ఊరిని మద్రాసు నుంచి ఎంత కష్టపడి తెచ్చుకున్నారో చెప్తారు. చిన్నప్పటి నుంచి ఈ రెండు కథలూ వింటున్నాను, రెండింట్లోనూ కొండ మీద ఉండే సవర గిరిజనుల మాట రాదు. అందుకే ఈ వీడియో.

ముందు ఊరి సంగతి. పర్లాకిమిడి అప్పట్లో మద్రాసు ప్రెసిడెన్సీలో, గంజాం జిల్లాలో ఒక జమీందారీ. రాజులు తమది తూర్పు గంగ వంశమని చెప్పుకునేవాళ్లు, ఒడియా కుటుంబం. ఊళ్లో తెలుగువాళ్లు చాలామంది. ఒడిస్సీ సంగీతంలో ఇవాళ్టికీ పాడే పాటలు రాసిన గోపాలకృష్ణ పట్నాయక్ 1784లో పుట్టింది ఇక్కడే, వ్యవహారిక తెలుగు కోసం జీవితమంతా పోరాడిన గిడుగు రామమూర్తి గారు 1880లో టీచరుగా చేరిందీ ఇక్కడే. 1900లో రాజావారు సొంత డబ్బుతో నౌపడ నుంచి ఊరిదాకా నేరోగేజ్ రైలు వేయించారు, 1931కి అది గునుపురం దాకా వెళ్లింది. అప్పటికి ఆ దారి మొత్తం మద్రాసులోనే ఉంది. ఇప్పుడు అదే దారి ఆంధ్రలో మొదలై ఒడిశాలో ఆగుతుంది.

[తెరపై: 1903, 1913, 1931, 1936]

1903లో మధుసూదన్ దాస్ నాయకత్వంలో ఉత్కళ సమ్మేళనం మొదలైంది. బెంగాల్, మద్రాసు, సెంట్రల్ ప్రావిన్సెస్‌లో చెదిరిపోయిన ఒడియా ప్రాంతాలన్నీ ఒక్కచోటికి రావాలని వాళ్లు అడిగారు. ఇటు తెలుగువాళ్లు 1913లో బాపట్లలో ఆంధ్ర మహాసభ పెట్టుకున్నారు. ఇద్దరిదీ న్యాయమైన కోరికే, ఆ మాట నేను మనసారా అంటున్నాను. కానీ రెండు భాషలూ కలిసిపోయిన చోట గీత ఎక్కడ గీయాలి? జనాభా లెక్కల్లో మాతృభాష అని ఒక్క గడి ఉంటుంది, అందులో ఒక్క పేరే రాస్తారు. ఇంట్లో ఒకటి, బజార్లో ఒకటి, ప్రభుత్వ కచేరీలో ఇంకొకటి మాట్లాడే మనిషిని ఆ గడిలో ఎలా ఇరికిస్తారు? లెక్కలు రాసినవాళ్లు తమను తక్కువ చేసి చూపించారని గొడవలు రేగాయి. 1931లో సరిహద్దు తేల్చడానికి ఓడోనెల్ కమిటీ వేశారు, దాంట్లో సహాయ సభ్యులుగా ఒడియాల తరఫున పర్లాకిమిడి మహారాజా కృష్ణచంద్ర గజపతి, తెలుగువాళ్ల తరఫున సి.వి.ఎస్. నరసింహరాజు ఉన్నారు. 1933లో బ్రిటిష్ ప్రభుత్వం ఇచ్చిన శ్వేతపత్రంలో పర్లాకిమిడిని ఒడిశా బయటే ఉంచారు. తర్వాత లండన్లో పార్లమెంటు జాయింట్ కమిటీ దగ్గర ఆ నిర్ణయం మారింది. జమీందారీని రెండు ముక్కలు చేశారు, పట్టణం ఒడిశాకి వెళ్లింది, పాతపట్నం, టెక్కలి మద్రాసులో ఉండిపోయాయి.

1936 ఏప్రిల్ 1న ఒడిశా ఏర్పడింది. మరుసటి ఏడాది ఏప్రిల్లో మహారాజా ఆ రాష్ట్రానికి తొలి ప్రధానమంత్రి అయ్యారు, ముఖ్యమంత్రి పదవిని అప్పుడు అలాగే పిలిచేవారు. ఆ ప్రభుత్వం జూలై దాకానే నిలిచింది. గిడుగు గారేమో ఊరిని ఒడిశాలో కలపొద్దని గట్టిగా కొట్లాడి ఓడిపోయారు, అక్కడ ఉండటం ఇష్టం లేక యాభై ఏళ్లకు పైగా బతికిన ఊరు వదిలేసి రాజమండ్రి వెళ్లిపోయారు. 1940లో చనిపోయారు. ఆ వయసులో అలా కదిలిపోవడం తలుచుకుంటే నాకు ఇప్పటికీ బాధేస్తుంది.

మామూలుగా కథ ఇక్కడితో అయిపోతుంది. కానీ అదే 1936లో ఇంకొకటి జరిగింది.

[తెరపై: సొరాంగ్ సొంపెంగ్ అక్షరాలు]

గునుపురం ప్రాంతంలో మంగై గొమాంగో అనే సవర పెద్ద తన భాషకి సొంత లిపి తయారుచేశారు. పేరు సొరాంగ్ సొంపెంగ్, 24 అక్షరాలు, ఒక్కో అక్షరానికీ ఒక సవర దేవత పేరు. ఆ అక్షరాలకు పూజ కూడా చేస్తారు. కింద తెలుగా ఒడియానా అని కొట్టుకుంటున్న సంవత్సరమే, పైన కొండల్లో ఒక మనిషి మాకూ అక్షరాలు కావాలి అని కూర్చుని రాసుకున్నాడు! ఈ సంగతి మా స్కూలు పుస్తకాల్లో ఎక్కడా చదవలేదు.

సవర భాషకి తెలుగుతో గానీ ఒడియాతో గానీ చుట్టరికం లేదు. అది ముండా కుటుంబానికి చెందింది, సంతాలీ, ముండారీ దాని బంధువులు. మైదానం వాళ్లలో దాన్ని పట్టించుకున్న మొదటివాళ్లలో గిడుగు గారే ముందుంటారు. సవరలతో కూర్చుని భాష నేర్చుకున్నారు, వాళ్ల పిల్లలకు సవరలోనే వాచకాలు రాశారు, సొంత ఖర్చుతో బడులు పెట్టారు. ఆయన సవర వ్యాకరణం 1931లో, సవర-ఇంగ్లీషు నిఘంటువు 1938లో వచ్చాయి. అంటే నిఘంటువు అచ్చయ్యే నాటికి ఆయన రాజమండ్రిలో ఉన్నారు, సవర కొండలు రెండు రాష్ట్రాల్లో ఉన్నాయి.

ఆ గీత వల్ల ఏం జరిగిందో చూడండి. ఆంధ్రలో సీతంపేట వైపు సవరని తెలుగు లిపిలో రాస్తారు. ఒడిశా వైపు బడుల్లో ఒడియా లిపి వాడతారు. ఒడిశాలోనే సెరంగోలో కెనడా బాప్టిస్టు మిషనరీలు పనిచేశారు కాబట్టి క్రైస్తవ సవరల బైబిలు రోమన్ అక్షరాల్లో ఉంది. గొమాంగో గారి లిపి నాలుగోది. మాట ఒకటే, అక్షరాలు నాలుగు రకాలు. సీతంపేటలో చదువుకున్న పిల్లకి గునుపురంలో ఉన్న మేనత్త ఒడియా అక్షరాల్లో ఉత్తరం రాస్తే ఆ పిల్ల చదవలేదు, పైకి చదివి వినిపిస్తే మాత్రం అర్థమవుతుంది.

ప్రభుత్వాలు ఏమీ చేయలేదని నేను అనను. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ 2004 ప్రాంతంలో ఎనిమిది గిరిజన భాషల్లో ప్రాథమిక చదువు మొదలుపెట్టింది, సవర వాటిలో ఉంది. ఒడిశా 2006-07లో పది భాషలతో మొదలుపెట్టింది, సవర అందులోనూ ఉంది. ఒకే భాషకి రెండు రాష్ట్రాలు విడివిడిగా పుస్తకాలు చేసుకున్నాయన్నమాట. సొరాంగ్ సొంపెంగ్‌కి 2012లో యూనికోడ్‌లో చోటు దొరికింది, కాబట్టి ఫోన్లో, కంప్యూటర్లో రాసుకునే వీలు కూడా వచ్చింది.

ఒడిశాలో ఉండిపోయిన తెలుగువాళ్లకి తెలుగు బడి కావాలని మనం గట్టిగా అడుగుతాం. రాజ్యాంగంలో 350ఎ అధికరణం ఉంది, భాషా అల్పసంఖ్యాకుల పిల్లలకు ప్రాథమిక చదువు మాతృభాషలో అందేలా చూడాలని రాష్ట్రాలకు చెప్తుంది. అడగాల్సిందే, నేనూ అడుగుతాను. అయితే అదే గొంతుతో రెండు రాష్ట్రాల విద్యాశాఖలూ కూర్చుని సవర పిల్లలకి ఉమ్మడి వాచకం చేయాలని, ఏ లిపిలో ఉండాలో సవరల్నే అడగాలని కూడా అనాలి.

సీతంపేట, భామిని, గునుపురం, గుమ్మా వైపు సవర పిల్లలకు పాఠాలు చెప్పే టీచర్లు ఎవరైనా ఇది చూస్తుంటే, మీ బడికి ఏ లిపిలో పుస్తకాలు వస్తున్నాయో, అసలు వస్తున్నాయో లేదో కింద రాయండి. అవన్నీ కలిపి తర్వాతి వీడియో చేస్తాను.